సున్నా

దొండపర్తి బ్యాంకులో
అద్దం కింది సందులోంచి చీటీ వెనక్కొచ్చింది.
"సంతకం కలవట్లేదమ్మా."

కంప్యూటర్ తెర ఇటు తిప్పి చూపించారాయన.
స్కాలర్‌షిప్ ఖాతా కోసం పదిహేనేళ్ళప్పుడు నేను పెట్టిన సంతకం:
మైలపల్లి నూకరత్నం.
చివర సున్నా ఉండాల్సిన చోట
బుజ్జి గుండె బొమ్మ.

ఆ గుండె నాకు నేర్పింది జ్ఞానాపురం ఎస్తేరు,
లెక్కల పీరియడ్‌లో, ఆఖరి బెంచీలో.
ఇక ఆ ఏడాదంతా అదే.
నోటుబుక్కుల అట్టల మీద, బల్ల మీద,
పోర్టు దుమ్ము పట్టిన కిటికీ అద్దం మీద వేలితో.
పేరు ముందున్న నూకని దాచలేక
వెనకున్న సున్నాకి సోకులు చేసేదాన్ని.
నూకాలమ్మకి మొక్కుకుంటే పుట్టానంట.
ఆ తల్లికి ఇంకో పేరేదైనా ఉంటే బావుణ్ణని
అమ్మతో ఎన్నిసార్లు పోట్లాడానో.

ఎప్పుడు మానేశానో గుర్తులేదు.
చెప్పు బిగుతవుతున్న సంగతి కాలికి తెలీదు.
ఒక పొద్దున్న అది పట్టదు, అంతే.

"అది నేనేనండీ" అన్నాను.
"మీరే కావచ్చమ్మా.
సంతకం మాత్రం మీది కాదు."

ఐసు పెట్టెలు మొయ్యాలంటే నేను పెద్దదాన్ని.
బీచికెళ్తానంటే గుంటని.
ఇన్నాళ్ళూ ఈ రెండింటి మధ్య
నాకు అనువైన వైపు దూకుతూ బానే బతికాను.

నిన్న కేజీహెచ్‌లో దూకడానికి చోటు దొరకలేదు.
"పెద్దోళ్ళెవరమ్మా? సంతకం పెట్టాల" అంది నర్సు.
వెనక్కి తిరిగి చూశాను.
నా వెనక తమ్ముడు ఎల్లాజీ.
వాడి వెనక గోడ.
నాన్న వేటలో ఉన్నాడు,
బోటు రేవుకి రావడానికి ఇంకా తొమ్మిది రోజులు,
ఫోను అందని నీళ్ళు.
అమ్మ స్ట్రెచర్ మీంచి ముక్కుపుడక తీసి
నా చేతిలో పెట్టింది.
"ఒలే, బయపడకు" అంది.
ఆ చెయ్యే వణుకుతోంది.

కాగితం చదివాను.
ఒకవేళ అన్న మాట దగ్గర కళ్ళు ఆగిపోయాయి.
దాని తర్వాత ఏముందో ఇప్పటికీ తెలీదు.
రోగికి ఏమవుతారు అన్న గడిలో కూతురు అని రాశాను.
నర్సు ఆ పక్కనే బాధ్యులు అని రాసింది.
కింద సంతకం పెట్టాను.
గుండ్రటి మామూలు సున్నాతో.
అక్కడెవరూ దాన్ని దేనితోనూ పోల్చి చూడలేదు.

ఇప్పుడు బ్యాంకు మెట్ల మీద కూర్చుని
బయట కొనమన్న ఇంజక్షన్ల చీటీ వెనకాల
నా సంతకాన్నే నేను దొంగతనంగా దిద్దుకుంటున్నాను.
మొదటి గుండె ఉల్లిపాయలా వచ్చింది.
రెండోది రావాకు.
మూడోది వల అంచుకి నాన్న కట్టే సీసం గుండు.
ఆ పిల్లకి ఎంత ధీమా!
పెన్ను ఎత్తకుండా, వంపు దగ్గర ఆగకుండా,
ఒక్క గీతలో వేసేది.
ఎవరో చూస్తారని, చూసి మురిసిపోతారని
అంత నమ్మకం ఎక్కణ్ణించి తెచ్చుకుందో.
నన్ను చూస్తే గుర్తుపడుతుందా అది?
గుర్తుపట్టినా
నాతో బస్సెక్కుతుందా?

రేవు వైపు ఓడ కూసింది.
ఆ కూతలోనే ఎల్లాజీ ఫోను.
"అక్కా, అమ్మ కళ్ళు తెరిసింది.
నిన్నే అడుగుతంది. డబ్బులయ్యాయా?"
"వస్తన్నాన్రా."

పదకొండో గుండె కుదిరింది.
కుదిరినట్టే ఉంది.
చీటీ లోపలికి తోశాను.
ఆయన తెర చూశారు, చీటీ చూశారు,
కళ్ళజోడు మీంచి నన్ను చూశారు.
ఏమనుకున్నారో, నోట్లు లెక్కపెడుతూ
"ఈసారి వచ్చినప్పుడు
నీ కొత్త సంతకం ఇచ్చి మార్పించుకో తల్లీ" అన్నారు.

"అలాగేనండీ" అన్నాను,
అదేదో నా దగ్గర ఉన్నట్టే.